ఏడో వరుసలో ఉన్న మొక్క

సైన్స్ బ్లాకు వెనక ఉన్న ఎడారి ఆలివ్ పొదను డిసెంబరు పదమూడో తేదీ శనివారం పీకేశారు. దోహాలో శుక్ర, శనివారాలు బడికి సెలవు కాబట్టి నాకు ఆదివారం ఉదయం తెలిసింది. హాజరు వేసి ల్యాబుకు వెళ్తుంటే వరండా కిటికీలోంచి ఎక్కువ వెలుతురు పడుతోంది. అంత వెలుతురు అక్కడ పడకూడదు. ఆకులన్నీ రాలిపోయాక కూడా ఆ పొద కొమ్మల నీడ గోడ మీద సన్నటి గీతల్లా ఉండేది.

బయటికి వెళ్లి చూశాను. మట్టి చదును చేసి ఉంది. మెరూన్, తెలుపు పెటూనియా పూలమొక్కలను ఇక్కడి జెండా రంగుల వరుసలో నాటారు. ఇంకా కొన్నిటికి నర్సరీ నల్ల కవర్లు కూడా తియ్యలేదు.

మా బడి నిర్వహణ పనులు చూసే రామమోహన్ గారు గుంటూరు మనిషి. మర్యాదస్తుడు. అప్పటికే అక్కడ నిలబడి పెటూనియాలను ఫోటో తీసుకుంటున్నారు.

"ఇక్కడి పొద ఏమైంది?" అని అడిగాను.

"ఎండిపోయిందండీ అది. బుధవారం నేషనల్ డే ప్రోగ్రాం, చైర్మన్ గారి గెస్టులొస్తున్నారు. వాళ్లకి ఎండు పుల్లలు చూపిస్తే ఏం బావుంటుంది చెప్పండి?"

"అది ఎండిపోలేదు. ఆకు రాల్చింది."

"రెండూ ఒకటేగా మేడమ్."

"కాదు."

ఆయన నవ్వి, చేతిలోని ట్యాబ్ నా వైపు తిప్పారు. తోట పని చూసే కంపెనీ పంపిన జాబితా. పైన 'చనిపోయిన మొక్కలు - తొలగించాలి' అని ఉంది. కింద ఏడు వరుసలు, ఒక్కో వరుసలో ఒక్కో ఫోటో. ఏడో వరుసలో మా పొద. ఎదురుగా ఆకుపచ్చ టిక్కు.

"ఈ టిక్కు ఎవరు పెట్టారు?"

"అల్ సద్‌లో వాళ్ల ఆఫీసుందండీ. వాళ్లు ఫోటో చూసి అప్రూవ్ చేస్తారు."

"మొక్కను ఎవరు చూశారు?"

ఆయన ట్యాబ్ మూసేశారు. "గ్లోరియా గారూ, మీ బాధ నాకు అర్థమవుతోందండీ. ఎడ్విన్ గారంటే మాకందరికీ..."

"నేను నా బాధ గురించి అడగలేదు. మొక్క గురించి అడిగాను."

"సరే, మీకంతగా ఉంటే అదే ప్లేసులో రెండు కోనోకార్పస్‌లు పెట్టిస్తానండీ. వద్దన్నా పెరుగుతాయి. రెండేళ్లలో మీ ల్యాబ్ కిటికీ మూసేస్తాయి."

ఆయన దయగానే అన్నారు. నాకు ఒళ్లు మండింది. గంట మోగడంతో తరగతికి వెళ్లిపోయాను.

ఎడ్విన్ నా భర్త. గోదావరి పక్కన కడియపులంకలో, నర్సరీల మధ్య పుట్టి పెరిగినవాడు. దోహాలో ఈ కంపెనీలోనే పదమూడేళ్లు మొక్కల సూపర్వైజరుగా పనిచేశాడు. మొన్న సెప్టెంబరులో రక్తపరీక్ష రిపోర్టు కోసం ఒక క్లినిక్కుకు వెళ్లి, పేరు పిలిచేలోపు కుర్చీలోనే చనిపోయాడు. పోయాడనీ, వెళ్లిపోయాడనీ నేను అనను. చనిపోయాడు. ఆ మాట వాడవలసిన చోట వాడటానికి నాకు మూడు నెలలు పట్టింది. వాడకూడని చోట మరొకరు ఒక వేలితో టిక్కు పెట్టి వాడితే ఊరుకోలేను.

ఆ మొక్క అమెరికా నైరుతి ఎడారుల నుంచి వచ్చింది. ఆలివ్ కుటుంబానికి చెందినది. మన మల్లె, పారిజాతం దానికి దగ్గరి చుట్టాలని చెబితే మా తొమ్మిదో తరగతి పిల్లలు నమ్మేవారు కాదు. తక్కువ నీటితో బతుకుతుందని కంపెనీ ఇరవై మొక్కలు తెప్పించి చూసింది. మొదటి డిసెంబరులోనే అన్నీ ఆకు రాల్చాయి. దోహాలో మనుషులు ఇళ్లలోంచి బయటికి వచ్చి తిరిగేది ఆ నెలల్లోనే. పార్కుల్లో, హోటళ్ల ముందు పచ్చదనం కావలసింది అప్పుడే. ఎండాకాలమంతా పచ్చగా నిలబడి, చూసేవాళ్లు వచ్చే వేళకు బోసిపోయే మొక్క ఇక్కడ ఎవరికి కావాలి? పనికిరావని తీసేశారు. ఎడ్విన్ ఒకదాన్ని అడిగి తెచ్చి, మా ల్యాబు వెనక నాటాడు.

అక్కడ అది ఐదేళ్లు ఉంది. నా తలకంటే ఎత్తు పెరిగింది. నవంబరు చివరి వారంలో ఆకులు పసుపుపచ్చగా మారేవి. డిసెంబరు పది నాటికి కొమ్మలు బోడి. ఫిబ్రవరిలో, ఆకుల కంటే ముందు, రేకులు లేని చిన్న పూలు గుత్తులుగా వచ్చేవి. తొమ్మిదో తరగతి పిల్లలు ప్రతి వారం చూసి తేదీలు రాసేవారు. నాలుగు చలికాలాల నోటు పుస్తకాలు నా అలమరలో ఉన్నాయి.

ఆదివారం మధ్యాహ్న భోజన విరామంలో అమృతమ్మ వదినకు ఫోన్ చేశాను. ఎడ్విన్‌కు అక్క. కడియపులంకలో వాళ్ల నర్సరీ ఇప్పుడు ఆమే నడుపుతోంది. వెనకాల ట్రాక్టరు చప్పుడు, ఎవరినో కుండీలు జాగ్రత్తగా దించమని అరుపు.

"ఏంటీ, ఆకు రాల్చిందని పీకేసేరా? ఆళ్లెవరూ ఎప్పుడూ చెట్టన్నదే చూళ్లేదేంటే?"

"ఫోటో చూశారట వదినా."

"ఫోటోకి గోరెట్టి గీరేరా మరి? లోపల పచ్చగుందో లేదో ఫోటో చెప్పిందా ఆళ్లకి?" అంది. మరుక్షణమే గొంతు మార్చి, "ముందు దాన్ని ఎక్కడ పడేసేరో చూడు. నిద్రలో ఉన్న మొక్క. ఏరుకి తడిగోనె చుట్టి నీడలో ఎడితే నాలుగు రోజులు ఆగుద్ది. నాతో మాటాడతా కూకోకు, ఎళ్లు" అంది.

"వెళ్తాను."

"ఇదిగో గ్లోరియా... తమ్ముడు ఏటా దానికి బిళ్ల కట్టేవోడు గదా. ఆ బిళ్ల చూసి కూడా పీకేసేరా?"

తరవాత చెప్తానని ఫోన్ పెట్టేశాను.

ఆ బిళ్ల సంగతి చెప్పాలి. ప్రతి డిసెంబరు మొదటి తేదీన ఎడ్విన్ ఒక అట్ట ముక్కను ప్లాస్టిక్ కవర్లో పెట్టి ఆ పొద కాండానికి కట్టేవాడు. 'బతికే ఉంది. ఎండిపోలేదు. పీకవద్దు' అని ఇంగ్లీషులో, హిందీలో, ఉర్దూలో, బెంగాలీలో రాసి ఉండేది. పక్క బ్లాకు టీచరు చేత మలయాళంలో కూడా రాయించాడు. తెలుగు మాత్రం తన చేతిరాత. అడుగున తన పేరు, తన ఫోన్ నంబరు.

ఈ డిసెంబరు మొదటి తేదీన ఆ అట్టను సొరుగులోంచి తీశాను. 'బతికే ఉంది' అన్న మాట, దాని కింద ఎడ్విన్ అన్న పేరు. కట్టలేకపోయాను. కొత్తది రాయవచ్చు. నల్ల స్కెచ్ పెన్ను తెచ్చుకున్నాను కూడా. రేపు రాస్తాననుకున్నాను. అలా పన్నెండు రోజులు అనుకున్నాను. ఈ కథలో నా తప్పు ఇది. దీన్ని చిన్నది చేసి చెప్పే ఉద్దేశం నాకు లేదు.

వదినతో మాట్లాడాక వెళ్లేసరికి తోటమాలి హమీదుద్దీన్ నీళ్ల ట్యాంకు దగ్గర పైపు చుడుతున్నాడు. జగిత్యాల దగ్గరి ఊరు. యాభై దాటిన మనిషి, ఎడ్విన్ కింద తొమ్మిదేళ్లు పనిచేశాడు. నన్ను చూడగానే పైపు కింద పెట్టేశాడు.

"నేను వస్తనే ఉన్న మేడమ్ మీ దగ్గరికి. ఎట్ల చెప్పాల్నో తెల్వక ఆగిన."

"ఎక్కడ పడేశారు?"

"లారీ నిన్న సాయంత్రం అసర్ నమాజుకే పోయింది. కొమ్మలు, గడ్డి అంత కలిపి యార్డుల మిషన్ల ఏసి పొడి చేస్తరు. ఇంక మాఫీ, ఏం లేదు మేడమ్."

నాలుగు రోజుల లెక్క అక్కడితో ముగిసింది. "మీరే పీకారా?"

"నేనే. ఇంకో ముగ్గురు పట్టిన్రు."

"గీరి చూడలేదా?"

ఆ మాటకు అతని ముఖం మారిపోయింది. పనిలో చేరిన ప్రతి మనిషికీ ఎడ్విన్ మొదటి రోజు చెప్పేది అదొక్కటే. గోటితో బెరడు గీరి చూడకుండా గునపం ముట్టుకోవద్దని.

"ఎవరిని అడుగుతున్రు మేడమ్? ఎడ్విన్ సార్ కింద చేసినోణ్ని, గీరకుండ ఎట్ల పీకుత? మూడు కాడ గీరిన. మూడు కాడ పచ్చగ మెరిసింది. నితీష్ సార్‌కు ఫోటో పెట్టిన, వాయిస్ పెట్టిన. ఇనుండ్రి."

నితీష్ ఇప్పుడు ఎడ్విన్ స్థానంలో ఉన్న సూపర్వైజరు. హమీదుద్దీన్ ఫోన్ నా చెవి దగ్గర పెట్టాడు. ముందు అతని గొంతు: "సార్, ఇది సావలే. లోపట పచ్చిగున్నది. పీకాల్నా?" ఆ తరవాత ఒక కుర్ర గొంతు, ఏదో తింటూ: "హమీద్ భాయ్, లిస్ట్ అప్రూవ్ అయిపోయింది. మల్ల మార్చుడు నాతోని కాదు. యల్లా, పీకెయ్."

ఆ సాయంత్రం అల్ తుమామాలో మా ఇంట్లో వంటింటి బల్ల దగ్గర కూర్చుని ప్రిన్సిపల్‌కు, కంపెనీకి ఒకే ఉత్తరం రాశాను. ఒక్క పేజీ. విశేషణాలన్నీ తీసేశాను. పిల్లల నోటు పుస్తకాల నకళ్లు జత చేశాను. రెండు విషయాలు అడిగాను. ఏడో వరుసలో 'చనిపోయింది' అన్న మాట అబద్ధం, దాన్ని మార్చాలి. ఇకముందు మొక్కను చేత్తో తాకి చూడకుండా ఏ మొక్కనూ తొలగించకూడదు. హమీదుద్దీన్ పేరు రాయలేదు. అతను నాకు వినిపించింది నన్ను నమ్మి. రాయకపోవడమే జాగ్రత్త అనుకున్నాను.

తొమ్మిది రోజుల తరవాత రామమోహన్ గారు స్టాఫ్ రూముకు వచ్చారు. చేతిలో కాగితం.

"మీరు గెలిచారండీ! ఇన్నేళ్లలో ఆ కంపెనీ తప్పు ఒప్పుకోవడం నేను చూళ్లేదు. నోటు పుస్తకాలతో కొట్టారు మీరు."

కాగితం చదివాను. జాబితాలో చనిపోయిన మొక్కలు ఇప్పుడు ఆరు. ఏడోది విడిగా ఉంది. 'ఆరోగ్యంగా ఉన్న మొక్కను కార్మికుడు పొరపాటున తొలగించాడు. కార్మికుడి పేరు: హమీదుద్దీన్. చర్య: రెండో హెచ్చరిక, వేరే సైటుకు బదిలీ.'

"ఇది అబద్ధం," అన్నాను.

"మేడమ్, మీరడిగిందే చేశారు కదండీ. డెడ్ అన్న మాట మార్చమన్నారు, మార్చారు."

"పొరపాటు చేసింది ఇతను కాదు."

"అది వాళ్ల ఇంటర్నల్ మేటరండీ. మనకెందుకు?" ఆయన గొంతు తగ్గించారు. "మూడో హెచ్చరిక పడితేనే ఇంటికి పంపేది. ఇది రెండోదే. ఏం కాదులెండి."

చదువుకున్న మనిషి, ముగ్గురు పిల్లల తండ్రి, రెండోదే అన్నారు. మొదటిది జూన్‌లో కంపెనీ బస్సు తప్పిపోయినందుకు పడిందని నాకు తరవాత తెలిసింది.

ఆ రోజు బడి అవగానే మెట్రో ఎక్కి అల్ సద్ వెళ్లాను. నాలుగో అంతస్తు ఆఫీసు. రిసెప్షన్లో పెట్టినవి ప్లాస్టిక్ మొక్కలు. నితీష్‌కు ఇరవై ఏడేళ్లుంటాయి. హైదరాబాదు కుర్రాడు. నేను ఎవరినో చెప్పగానే లేచి కుర్చీ వేశాడు, టీ తెప్పించబోయాడు. వద్దన్నాను.

"హమీదుద్దీన్ మీకు చెప్పాడు. చావలేదన్నాడు. మీరు పీకమన్నారు," అన్నాను.

"అట్ల చెప్పిండని ఎవరన్నరు మేడమ్?"

అతను ఒకసారి నా వంక, ఒకసారి తలుపు వంక చూశాడు.

"చూడుండ్రి మేడమ్. నాకు తొమ్మిది సైట్లున్నయ్. రోజుకు మూడొందల ఫోటోలొస్తయ్. నిజం చెప్తున్న, మీరు కంప్లయింట్ పెట్టకపోతే ఎవరికీ ఏం కాకపోతుండె. డెడ్ అంటే క్లోజ్. మీరు అలైవ్ అన్నరు. అలైవ్ అంటే ఎవరో ఒకరు చంపినట్టే కద? సిస్టంల ఒక పేరు పెట్టాలె."

"మీ పేరు పెట్టవలసింది."

అతను నవ్వబోయి ఆగాడు. "ఫోటో పంపుడు నాది. అప్రూవల్ పైవాళ్లది. పీకుడు ఆయనది. ఎవరి పని వాళ్లు చేసినం మేడమ్."

"చూడటం ఎవరి పని?"

పక్క బల్ల దగ్గరి అమ్మాయి కీబోర్డు మీద వేళ్లు ఆపింది.

"అయితే నా పేరు కూడా రాయండి," అన్నాను. "ప్రతి ఏడాదీ ఆ మొక్కకు బతికే ఉందని అట్ట కట్టేవాళ్లం. ఈసారి కట్టవలసింది నేను. కట్టలేదు. అందులో నా తప్పు ఉంది. రాయండి."

అతను నిజంగానే స్క్రీన్ వైపు తిరిగి కాసేపు వెతికాడు. "దానికి కాలమ్ లేదు మేడమ్," అన్నాడు. ఆ మాట అనేటప్పుడు అతని ముఖంలో కొంచెం సిగ్గు కనిపించింది. ఆ సిగ్గుతో నాకేం పని? అది హమీదుద్దీన్ ఫైల్లోకి వెళ్లదు.

ఎడ్విన్ ఆ కుర్చీలోనే పదమూడేళ్లు కూర్చున్నాడు. కూర్చున్నాడనడం కూడా సరికాదు. కుర్చీ ఎప్పుడూ ఖాళీగా ఉంటుందని పైవాళ్లు అతన్ని తిట్టేవారు.

శుక్రవారం మెసైమీర్‌లో చర్చి ఆరాధన అయ్యాక హమీదుద్దీన్‌ను కలిశాను. జుమ్మా నమాజు ముగించుకుని, తెల్లటి బట్టల్లో బస్సు స్టాపు దగ్గరికి వచ్చాడు. ఇప్పుడు అతని సైటు ఊరికి చాలా దూరం. ఉదయం మూడున్నరకు బస్సు ఎక్కాలి. రెండు చిక్కటి కరక్ టీలు తెచ్చి ఒకటి నాకు ఇచ్చాడు.

"ఇంటికి ఫోన్ చేసి చెప్పిన మేడమ్. 'దుబాయ్ల చెట్టు పీకితె గూడ కేసు పెడ్తరా?' అంటది నా భార్య. ఆమెకు ఇది దుబాయ్ కాదని పద్దెనిమిదేండ్ల సంది చెప్తున్న, ఇంటలేదు."

నేను నవ్వలేకపోయాను. "ఆ వాయిస్ నాకు పంపండి. రెండో ఉత్తరం రాస్తాను. ఈసారి మీ పేరు రాస్తాను, మీరు చెప్పింది చెప్పినట్టు రాస్తాను."

అతను తల అడ్డంగా ఊపాడు.

"మొదటి లెటర్ల నా పేరు రాయలే మీరు. రాయకుంటేనే నా మీద పడ్డది. రాస్తె ఇంకెట్ల పడ్తదో సోచాయించుండ్రి. ఆఫీస్ వాయిస్ బయట పెట్టిండంటె అదే మూడోది అయితది."

"తప్పు మీది కాదు కదా."

"నాకు ఎరుకనే. మీకు ఎరుకనే. నితీష్ సార్‌కు అందరికన్న ఎక్కువ ఎరుక." టీ గ్లాసు రెండో చేతిలోకి మార్చుకున్నాడు. "నాకు వేరే సైటైనా ఒకటే. కాని 'పొరపాటున పీకిండు' అని రాసిన్రు సూడుండ్రి, అది గుచ్చుతున్నది. పచ్చగున్నదని సూసి పీకిన నేను. పొరపాటని ఎట్ల రాస్తరు? ఎడ్విన్ సార్ ఉంటె నన్ను ఇడ్సిపెడ్తుండెనా? కడియం తిట్లన్నీ తిడ్తుండె."

"తిట్టేవాడు," అన్నాను. "ముందు నన్ను."

అతను మొదటిసారి నవ్వాడు.

"మార్చిల నా కాంట్రాక్టు రిన్యూ అయితది మేడమ్. అయినంక వాయిస్ ఇస్త, సంతకం గూడ పెడ్త. అందాక ఎవరికీ ఏం రాసియ్యకుండ్రి. మాటియ్యుండ్రి."

బస్సు వచ్చింది. మాట ఇచ్చాను. అతను ఎక్కి, కిటికీ పక్కన కూర్చుని, టీ గ్లాసు ఇంకా చేతిలోనే ఉందని చూసుకుని నాకు చూపించాడు.

సరైనదని తెలిసిన పనిని ఆపి ఉంచడం ఎంత కష్టమో నేను తరగతిలో ఎప్పుడూ చెప్పలేదు. చెప్పడానికి అది నాకే తెలియదు. నిజం చెప్పినందుకు నిజం చెప్పినవాడికే దెబ్బ తగిలేలా ఒక కంపెనీ తన కాగితాలు తయారు చేసుకుంటుందని, అందులో ఎవరూ ప్రత్యేకంగా చెడ్డవాళ్లు కానక్కర లేదని ఈ వయసులో నేర్చుకున్నాను. నేర్చుకున్నానే గాని ఒప్పుకోలేదు.

జనవరిలో ఒక ఫారం వచ్చింది. తోట నిర్వహణ సంతృప్తికరంగా ఉందని పర్యావరణ క్లబ్బు బాధ్యురాలిగా నేను ఏటా సంతకం పెట్టేది. రామమోహన్ గారు రెండుసార్లు గుర్తు చేశారు. మూడోసారి ప్రిన్సిపల్ వసుంధర గారు గదికి పిలిచి అడిగారు.

"ఒక్క సంతకమే కదమ్మా. ఎందుకింత పట్టుదల?"

"సంతృప్తిగా లేనండీ."

"కారణం అడిగితే?"

"కారణం మార్చి తరవాత రాసిస్తాను."

ఆమె ఫారాన్ని నా దగ్గరే ఉండనిచ్చారు, సంతకం లేకుండానే.

ఇవాళ ఫిబ్రవరి పద్దెనిమిది. కిందటేడు ఈ రోజున ఆ పొద మీద మొదటి పూలు వచ్చాయని పిల్లలు రాసి పెట్టారు. ఈ ఏడాది తొమ్మిదో తరగతి నోటు పుస్తకంలో డిసెంబరు పదకొండు తరవాత పేజీలు ఖాళీ. రెండో ఉత్తరం రాశాను, ఇవ్వలేదు. హమీదుద్దీన్ మీద పెట్టిన హెచ్చరికను కంపెనీ ఇంకా రద్దు చేయలేదు.